సెన్సార్ గోడ, చిన్న భాషలు: గ్రిఫిత్స్ రెండు పుస్తకాల మీద చర్చ

#1 గోదారిగట్టు

జేమ్స్ గ్రిఫిత్స్ పుస్తకాలు చదివినవాళ్లకీ చదవబోయేవాళ్లకీ కలిపి ఈ థ్రెడ్. మొదటిది 2019లో వచ్చిన ‘ది గ్రేట్ ఫైర్‌వాల్ ఆఫ్ చైనా’ (చైనా ఇంటర్నెట్ సెన్సార్ మీద, కింద ‘గోడ’ అనేది దాన్నే), రెండోది 2021లో వచ్చిన ‘స్పీక్ నాట్’. మనిషిది వేల్స్. హాంకాంగ్‌లో ఉండి మొదట సీఎన్‌ఎన్‌కీ, తర్వాత కెనడా పత్రిక గ్లోబ్ అండ్ మెయిల్‌కీ రాశాడు. మొదటి పుస్తకం చైనాలో మొదలై రష్యా, ఉగాండా దాకా వెళ్తుంది. రెండోది వెల్ష్, హవాయియన్, కాంటనీస్ భాషల చరిత్ర. మధ్యలో ఆఫ్రికాన్స్, హీబ్రూ మీద చిన్న భాగాలున్నాయి.

షాపులో ఒకటి టెక్నాలజీ అరలో ఉంటుంది, ఇంకోటి చరిత్ర అరలో. నా మటుకు ఈ రెండూ కలిసే చోటు మొదటి పుస్తకంలోని ఉయ్‌గుర్ల (చైనా వాయవ్యాన షిన్‌జియాంగ్‌లోని ముస్లిం జాతి) భాగమే. అక్కడ సెన్సార్ కథా భాష కథా ఒకటే. అందుకని రెండు ప్రశ్నలు. గోడ వైరు మీద అసలేం చేస్తుంది? విలేఖరి రాసే పుస్తకంలో ఆ లోతు ఉండదు కదా. రెండోది, ఒక భాష వెబ్‌లో మూగబోవాలంటే ఆ భాషని నిషేధించే పని ఉందా? చైనా మంచిదా చెడ్డదా అన్న పంచాయితీకి వేరే థ్రెడ్ పెట్టుకోండి.

#2 ప్యాకెట్‌పట్టి

మొదటి ప్రశ్న నేను తీసుకుంటాను.

గోడ అంటే అడ్డంగా నిలబడ్డ ఒకే పెట్టె అనుకోవద్దు. చాలా భాగం పక్కన కూర్చుని వింటుంది. ప్యాకెట్ (నెట్‌లో వెళ్లే సమాచారపు ముక్క) నకలు ఒకటి దానికి వెళ్తుంది, అసలుది మామూలుగా ముందుకు పోతుంది. నచ్చని పేరు కనబడితే అసలుదాన్ని ఆపదు, దొంగ జవాబు పుట్టించి ముందుగా మీకు చేరేలా చేస్తుంది. డీఎన్‌ఎస్‌లో (సైటు పేరు అడిగితే దాని ఐపీ అడ్రస్, అంటే నెట్‌లో దాని నంబరు, చెప్పే వ్యవస్థ) జరిగేది ఇదే. నిజమైన జవాబు కూడా వస్తుంది, కానీ కాస్త ఆలస్యంగా. అప్పటికే మీ కంప్యూటర్ మొదటిదాన్ని నమ్మేసి ఉంటుంది.

ఇది బయటనుంచి కూడా పరీక్షించొచ్చు, ఎందుకంటే దొంగ జవాబు దూర్చే ఈ ఇంజెక్షన్ రెండు వైపులా పనిచేస్తుంది:

1. చైనాలో ఉన్న, డీఎన్‌ఎస్ సర్వర్ నడవని ఒక ఐపీ అడ్రస్ తీసుకోండి. ముందు ఏదైనా మామూలు డొమైన్ పేరు దాన్ని అడగండి. డీఎన్‌ఎస్‌ని అడిగే డిగ్ కమాండ్ చాలు. జవాబు రాకూడదు. వస్తే ఆ అడ్రస్ పనికిరాదు, ఇంకోటి చూడండి.
2. అదే అడ్రస్‌ని నిషేధంలో ఉన్న పేరు అడగండి. జవాబు వచ్చిందంటే అది దారిలో పుట్టిందే, అక్కడ సర్వరే లేదు కాబట్టి.
3. ప్యాకెట్లు చూపించే వైర్‌షార్క్ తెరిచి ఎన్ని జవాబులొచ్చాయో లెక్కపెట్టండి. ఒకటి కంటే ఎక్కువ రావచ్చు. 2020లో వచ్చిన ఒక పరిశోధన మూడు వేరువేరు ఇంజెక్టర్లని గుర్తుపట్టింది.
4. ప్రశ్నల టీటీఎల్ (ప్యాకెట్ ఎన్ని హాప్‌లు, అంటే దారిలోని రూటర్లు, దాటొచ్చో చెప్పే సంఖ్య) ఒకటి నుంచి ఒక్కొక్కటే పెంచుతూ పంపండి. దొంగ జవాబు మొదట ఏ సంఖ్య దగ్గర వస్తుందో ఇంజెక్టర్ అన్ని హాప్‌ల దూరంలో ఉంది.

చాలామంది చేసే తప్పు రెండో మెట్టుతో మొదలుపెట్టడం. మొదటి మెట్టు (కంట్రోల్) లేకుండా జవాబు వచ్చిందని ఎగిరితే, అది నిజంగానే తెరిచి ఉన్న రిజాల్వర్ (ఎవరడిగినా జవాబిచ్చే డీఎన్‌ఎస్ సర్వర్) అయ్యుండొచ్చు.

#3 అట్టచినిగింది

డీఎన్‌ఎస్‌సెక్ (జవాబు మీద సంతకం సరిచూసే పద్ధతి) పెడితే సరిపోదా?

#4 ప్యాకెట్‌పట్టి

సరిపోదు. సంతకం సరిపడక దొంగ జవాబుని పారేస్తారు, నిజమే. కానీ చాలా రిజాల్వర్లు అసలు జవాబు కోసం ఆగవు, “తప్పు” అని చెప్పి చేతులు దులుపుకుంటాయి. తప్పుడు అడ్రస్‌కి వెళ్లరు, సరైనదానికీ చేరరు. సెన్సార్ చేసేవాడికి కావలసిందీ అదే.

డీఎన్‌ఎస్ దాటినా మిగతావి ఉన్నాయి. కొన్ని ఐపీలకి రూటు లేకుండా చేస్తారు. హెచ్‌టీటీపీఎస్ (తాళం వేసిన వెబ్ కనెక్షన్) మొదటి పలకరింపులో సైటు పేరు తెరిచిన అక్షరాల్లోనే వెళ్తుంది (ఎస్‌ఎన్‌ఐ), అది చూసి కనెక్షన్ తెంపుతారు. ఆ పేరుని కూడా దాచే ఈఎస్‌ఎన్‌ఐ వచ్చింది. 2020 జూలై చివరికల్లా ఆ పద్ధతినే గంపగుత్తగా ఆపేశారు. లోపల ఏముందో తెలియకపోతే మొత్తం ఆపెయ్. ఈ తర్కం గుర్తుంచుకోండి, భాషల దగ్గర మళ్లీ పనికొస్తుంది.

పేర్ల జాబితా కూడా చాలా మోటుగా ఉంటుంది. టార్‌ప్రాజెక్ట్ (అజ్ఞాతంగా వెబ్ చూడనిచ్చే టార్ వాళ్ల సైటు) అన్న తోకతో అయ్యే పేర్లన్నీ ఆపమని రూలు రాస్తే, ఏ పాపం తెలియని ‘మెంటార్‌ప్రాజెక్ట్’ కూడా అందులో పడింది, చివరి అక్షరాలు అవే కాబట్టి. 2021లో జీఎఫ్‌వాచ్ అనే పరిశోధన 3,11,000 నిషేధిత డొమైన్లు లెక్కగడితే, అందులో 41,000 దాకా ఇలా ఊరికే ఇరుక్కున్నవే.

#5 ఉట్నూరురోడ్డు

మంచిగ చెప్పినవ్ అన్నా. పుస్తకంల గ్రేట్ కెనన్ (దాడిజేసే ‘ఫిరంగి’) ముచ్చట కూడా ఉన్నది గదా, 2015 మార్చిల గిట్‌హబ్ (కోడ్ దాచుకునే సైటు) మీద పడ్డది. అది గోడల భాగమేనా, వేరేదా?

#6 ప్యాకెట్‌పట్టి

వేరే యంత్రం తమ్ముడూ, పక్కపక్కనే ఉంటుంది. గోడ వింటుంది, ఫిరంగి మధ్యలో కూర్చుని ప్యాకెట్‌ని మార్చేస్తుంది. చైనా బయట ఎవరో బైడూ (చైనా సెర్చ్ కంపెనీ) వాళ్ల సందర్శకుల లెక్కల స్క్రిప్టు పెట్టుకున్న పేజీ తెరుస్తారు. ఆ స్క్రిప్టు చైనా నుంచి రావాలి. వచ్చే దారిలో కొద్ది అభ్యర్థనలకి మాత్రం స్క్రిప్టు మార్చి ఇచ్చారు. ఆ బ్రౌజర్లు తమకి తెలియకుండానే గిట్‌హబ్‌లోని రెండు పేజీలని మళ్లీమళ్లీ తడుతూ పోయాయి. ఒకటి సెన్సార్‌ని ఎదిరించే గ్రేట్‌ఫైర్ వాళ్లది, ఇంకోటి చైనీస్ న్యూయార్క్ టైమ్స్ నకలు (మిర్రర్) సైటుది. స్క్రిప్టు హెచ్‌టీటీపీఎస్ మీద నడిచుంటే ఇది కుదిరేది కాదు.

#7 గోదారిగట్టు

ఇప్పుడు ఉయ్‌గుర్ల సంగతి. 2009 జూలై 5న షిన్‌జియాంగ్ రాజధాని ఉరుమ్‌చీలో అల్లర్లు. ఆ వెంటనే షిన్‌జియాంగ్ మొత్తానికి ఇంటర్నెట్ కట్. ఎస్సెమ్మెస్, విదేశీ కాల్స్ కూడా. పూర్తిగా తిరిగొచ్చింది 2010 మే నెలలో. డిసెంబరు చివర్లో మొదట తెరిచినవి రెండు సైట్లు, షిన్హువా, పీపుల్స్ డైలీ. రెండూ ప్రభుత్వానివే.

తెరుచుకున్నాక చూస్తే ఉయ్‌గుర్ భాషలో బాగా నడిచిన దియారిమ్, సాల్కిన్, షబ్నం లేవు. 2010 జూలైలో ఆ సైట్లు నడిపినవాళ్లకి మూడు నుంచి పదేళ్ల దాకా శిక్షలు పడ్డాయి. ఉయ్‌గుర్ ఆన్‌లైన్ అనే సైటు నడిపిన ఆర్థికవేత్త ఇల్హామ్ తోహ్తికి 2014 సెప్టెంబరులో యావజ్జీవం. ఆయన సైటు చైనీస్‌లో కూడా నడిచేది, రెండు జాతుల వాళ్లూ మాట్లాడుకోవాలనే ఉద్దేశంతో.

ఇంగ్లీషులో పది సైట్లు మూస్తే పదివేలు మిగులుతాయి. అక్కడ పది మూస్తే భాషకి వెబ్‌లో చోటే లేకుండా పోతుంది. ఉయ్‌గుర్‌ని ఆన్‌లైన్‌లో వాడకూడదని ఒక్క కాగితం మీదా రాయనక్కర్లేకపోయింది.

#8 గుణింతం

రాయకుండా ఎక్కువ రోజులు ఆగలేదు లెండి. 2020 ఆగస్టులో ఇన్నర్ మంగోలియా బడుల్లో మంగోలియన్ పాఠాలు తగ్గిస్తామన్నప్పుడు బైను అనే మంగోలియన్ భాషా యాప్‌ని మూసేశారు. 2021 చివర్లో బిలిబిలి అనే వీడియో సైటులో ఉయ్‌గుర్, టిబెటన్ లిపుల్లో కామెంట్లు పెట్టనివ్వలేదు. టాక్‌మేట్ అనే భాషలు నేర్పే యాప్ ఆ రెండు భాషల పాఠాలు తీసేసింది. డౌయిన్‌లో (చైనా టిక్‌టాక్) కాంటనీస్‌లో లైవ్ పెట్టినవాళ్లని 2020లో “ఈ భాష గుర్తించలేకపోతున్నాం” అని మధ్యలో కట్ చేశారు. కాంటనీస్ మాట్లాడేవాళ్లు కోట్లల్లో ఉన్నారు.

ఇందాక ప్యాకెట్‌పట్టి గారు చెప్పిన ఈఎస్‌ఎన్‌ఐ తర్కమే ఇది. చదవలేనిదాన్ని పోనివ్వద్దు.

1846లో వేల్స్ బడుల మీద రిపోర్టు రాయడానికి లండన్ ముగ్గురు కమిషనర్లని పంపింది. ముగ్గురికీ వెల్ష్ రాదు. పిల్లలకి చదువు రాలేదు, భాషే దానికి కారణం అని రాసిపోయారు. అక్కడివాళ్లు దానికి ‘నీలి పుస్తకాల ద్రోహం’ అని పేరు పెట్టుకున్నారు. భాష రానివాడి చేతిలో కలం పెడితే ఏం రాస్తాడో డౌయిన్ కూడా అదే రాసింది.

#9 కార్డిఫ్‌తెలుగు

గుణింతం గారు, పోలిక బాగుంది కానీ ఒక తేడా ఉంది. భాష రాకపోవడం సెన్సార్‌కి మొదట్లో లోటు, ఆ భాషవాళ్లకి దాక్కునే చోటు. 2022 నవంబరులో గ్వాంగ్‌జౌ లాక్‌డౌన్ మీద కాంటనీస్ బూతులతో తిట్టిన పోస్టులు ట్విట్టర్ లాంటి వీబోలో చాలాసేపు అలాగే ఉన్నాయి. మాండరిన్‌లో అదే రాసుంటే నిమిషాల్లో పోయేవి. ఉయ్‌గుర్లు కూడా 2010 తర్వాత వాట్సాప్ లాంటి వీచాట్ వాయిస్ మెసేజ్‌లలోకి వెళ్లారు, మాటని వెతకడం రాతని వెతికినంత తేలిక కాదు కాబట్టి. కొన్నేళ్లు బాగానే నడిచింది, తర్వాత అదీ మూశారు.

అంటే క్రమం ఇది: ముందు అర్థం కాదు, అందులో దాక్కుంటారు, దాక్కున్నారని తెలుస్తుంది, అప్పుడు అర్థం చేసుకునే ఖర్చు పెట్టాలా మొత్తం ఆపేయాలా అని లెక్క చూసుకుంటారు. మాట్లాడేవాళ్లు ఎంత తక్కువైతే ఆపేయడం అంత చవక.

#10 ప్యాకెట్‌పట్టి

ఈ లెక్క అంకెల్లోనే చూపిస్తాను, సరదాగా ఉంటుంది.

2021 నవంబరు నుంచి గోడకి ఇంకో పద్ధతి వచ్చింది. గోడ దాటడానికి వాడే షాడోసాక్స్ లాంటివాటిలో ప్రతి బైటూ ఎన్‌క్రిప్ట్ అయి, తలాతోకా లేని గందరగోళంలా కనిపిస్తుంది. అలాంటి కనెక్షన్లని గుర్తుపట్టడానికి మొదటి ప్యాకెట్‌లో బైటుకి సగటున ఎన్ని ‘1’ బిట్లు ఉన్నాయో లెక్కపెడతారు. ఎన్‌క్రిప్ట్ అయినది ఎప్పుడూ 4 దగ్గర తేలుతుంది. 3.4 లోపు గానీ 4.6 పైన గానీ ఉంటే వదిలేస్తారు. మొదటి ఆరు బైట్లు మామూలు ఇంగ్లీషు అక్షరాలైనా, మొత్తంలో సగానికి మించి అవే ఉన్నా, వరసగా 20కి మించి ఉన్నా, టీఎల్‌ఎస్ (హెచ్‌టీటీపీఎస్‌లోని తాళం) లేదా హెచ్‌టీటీపీ అని తెలిసినా వదిలేస్తారు. ఇవేవీ కాకపోతే ఆ సర్వర్ పోర్టుకి 180 సెకన్లు దారి మూత. అదీ అన్ని ఐపీలకీ కాదు, అన్ని కనెక్షన్లకీ కాదు. పేరున్న డేటా సెంటర్ల ఐపీలకి, దాదాపు నాలుగింట ఒక వంతు కనెక్షన్లకి. 2023 యూస్‌నిక్స్ కంప్యూటర్ భద్రతా సదస్సులో వివరంగా వచ్చింది.

ఇప్పుడు ‘తెలుగు’ అన్న మాట యూటీఎఫ్-8లో (అక్షరాలని బైట్లుగా మార్చే పద్ధతి) చూడండి. ఆరు కోడ్ పాయింట్లు (ఒక్కో అక్షరానికో గుర్తుకో ఇచ్చిన సంఖ్య), 18 బైట్లు, అందులో 58 ఒకట్లు. సగటు 3.22. గోడ వదిలేస్తుంది.

‘ఉయ్‌గుర్’ అన్న మాట వాళ్ల అరబిక్ లిపిలో ఆరక్షరాలు, 12 బైట్లు, 53 ఒకట్లు. సగటు 4.42. పట్టుకునే కిటికీ లోపలే పడింది. అరబిక్ లిపిలో ఒక్కో అక్షరం బైట్లు హెక్స్ లెక్కలో (16 ఆధారంగా రాసే అంకెలు) డీ8, డీ9, డీబీలతో మొదలవుతాయి, వాటిలో ఒకట్లు ఎక్కువ.

దీన్ని పట్టుకుని “గోడ ఉయ్‌గుర్ లిపిని బిట్లు చూసి ఆపుతోంది” అని వాట్సాప్‌లో తిప్పకండి. వెబ్ పేజీ టీఎల్‌ఎస్‌లో వెళ్తుంది, దానికి మినహాయింపు ఉంది. ఎవరూ ఏ పొరా లేని కనెక్షన్ (పచ్చి టీసీపీ) మీద ఉత్త అక్షరాలు పంపరు. నేను చెప్పేదల్లా మినహాయింపులు రాసినవాళ్ల బుర్రలో ‘మామూలు రాత’ అంటే ఇంగ్లీషు అక్షరాలు అన్న సంగతి.

#11 గుణింతం

గోండి భాష రాసే గుంజాల గోండి లిపికి ఇదే లెక్క వేశాను. అక్షరానికి నాలుగు బైట్లు. మొదటిది ఎఫ్0 (నాలుగు ఒకట్లు), రెండోది 91 (మూడు), మూడోది బీ5 లేదా బీ6 (అయిదు). మూడింటికీ కలిపి 12. నాలుగో బైటు అక్షరాన్ని బట్టి సగటున మరో నాలుగు. 16ని 4తో భాగిస్తే 4.0. అచ్చంగా ఎన్‌క్రిప్ట్ అయినదానిలాగే! మాటల మధ్య ఖాళీలు కలుపుకున్నా 3.8కి కిందకి రాదు.

#12 ఉట్నూరురోడ్డు

గోండి ముచ్చట వచ్చింది గాబట్టి చెప్త. మనకాడ గోడ అక్కర్లేదు, డేటాబేసే సాలు.

గుంజాల రాతప్రతులు ఆదిలాబాద్ జిల్లా నార్నూర్ మండలంలవి. ఆ లిపి 2018ల యూనికోడ్ (అన్ని లిపుల అక్షరాలకు సంఖ్యలిచ్చే ప్రమాణం) 11.0ల చేరింది. మసారం గోండి అంతకు ఏడాది ముందు, 10.0ల. అది 1918ల మధ్యప్రదేశ్ బాలాఘాట్‌ల మంగల్ సింగ్ మసారం తయారుజేసిన లిపి. రెండూ మొదటి 65,536 కోడ్‌ల బయట ఉన్నయి. గక్కడ్నే తంటా మొదలు.

మైఎస్‌క్యూఎల్ అనే డేటాబేస్‌ల ‘యూటీఎఫ్8’ అని పెట్టుకుంటరు. పేరుకు యూటీఎఫ్-8, లోపట అక్షరానికి మూడు బైట్లకే చోటు. తెలుగు మూడు బైట్లే గాబట్టి ఏ తేడా కనవడది. గోండి అక్షరం వెయ్యంగనే స్ట్రిక్ట్ మోడ్‌ల (తప్పు డేటాను ఒప్పుకోని సెట్టింగ్) ఉంటే 1366 ఎర్రర్. స్ట్రిక్ట్ లేకుంటే ఇంకా అన్యాలం, ఎర్రర్ రాదు, మొదటి గోండి అక్షరం కాడ్నించి మిగిలిన రాతంత తెగిపోతది. సేవ్ అయిందనే అనుకుంటరు.

చెయ్యవలసింది:
- కాలమ్, టేబుల్, కనెక్షన్ మూడింటికీ ‘యూటీఎఫ్8ఎంబీ4’ పెట్టాలె. టేబుల్ మార్చి కనెక్షన్ మరుస్తరు, అప్పుడు ప్రశ్నార్థకాలు పడ్తయి.
- పాత వెర్షన్‌ల ఇండెక్స్‌కు (వెతకడానికి పెట్టుకునే పట్టిక) 767 బైట్లే. 255 అక్షరాల కాలమ్ నాలుగుతోని గుణిస్తె 1020, గందుకే 1071 ఎర్రర్ ఇస్తది. కాలమ్‌ను 191కి తగ్గించుర్రి (764 బైట్లు), లేకుంటే రో ఫార్మాట్ డైనమిక్ చెయ్యుర్రి.
- మార్చేముందు బ్యాకప్. తెగిపోయిన రాత మళ్ల రాదు.

ఫాంట్‌కు నోటో శాన్స్ గుంజాల గోండి ఉన్నది. ఫోన్‌ల లేకుంటే డబ్బాలే కనవడ్తయి గాబట్టి సైటుతోనే పంపాలె.

#13 గోదారిగట్టు

2011 జనాభా లెక్కల్లో గోండి మాతృభాషగా రాయించినవాళ్లు 29 లక్షలకి పైనే. అయినా ఎనిమిదో షెడ్యూల్లో లేదు. వెల్ష్ మాట్లాడేవాళ్లు దీనిలో అయిదో వంతు కూడా ఉండరు.

#14 కార్డిఫ్‌తెలుగు

వెల్ష్ అంకెలు: 1911లో 9,77,366 మంది, జనాభాలో 43.5 శాతం. 2011లో 19.0 శాతం, 2021లో 17.8 శాతం, 5,38,300 మంది. వెల్ష్‌ని ఇంటర్నెట్ కాపాడిందని అక్కడక్కడా రాస్తుంటారు, ఈ అంకెలు అలా చెప్పవు.

నిలబెట్టినవి చట్టం, బడి, టీవీ. 1962లో రచయిత సాండర్స్ లూయిస్ రేడియో ప్రసంగం తర్వాత భాషా సంఘం పుట్టింది. 1965లో లివర్‌పూల్ నీళ్ల కోసం వెల్ష్ మాట్లాడే కపెల్ కెలిన్ ఊరిని ముంచారు, అది కడుపుమంటగా మిగిలింది. 1980లో వెల్ష్ టీవీ ఛానల్ ఇవ్వకపోతే వేల్స్ నాయకుడు గ్విన్‌ఫర్ ఎవాన్స్ నిరాహారదీక్షకి దిగుతానంటే థాచర్ ప్రభుత్వం వెనక్కి తగ్గింది. 1982 నవంబరు 1న ఎస్4సీ ఛానల్ మొదలైంది. 1993లో భాషా చట్టం, 2011లో ఇంకోటి. కంప్యూటర్ పనిముట్లు ఆ డబ్బు మీదే వచ్చాయి. బాంగోర్ యూనివర్సిటీ వాళ్ల కిసిల్ అక్షరదోషాల పరీక్షకం అలాంటిదే.

పుస్తకంలో చెక్కముక్క సంగతి చదివారా? బడిలో వెల్ష్ మాట్లాడిన పిల్లాడి మెడలో ‘వెల్ష్ నాట్’ వేలాడదీసేవాళ్లు. ఇంకొకడు మాట్లాడితే వాడికి మార్చాలి. సాయంత్రం ఎవడి మెడలో ఉంటే వాడికి దెబ్బలు. పిల్లలే పిల్లలని పట్టిస్తారు, మాస్టారు ఊరికే కూర్చోవచ్చు. చైనాలో తప్పుడు పోస్టుకి ప్లాట్‌ఫారం బాధ్యత వహించాలన్న నిబంధన ఇలాగే పనిచేస్తుంది. శిక్ష కంపెనీ మెడలో వేస్తే కంపెనీయే వెతుక్కుంటుంది.

#15 గుణింతం

హవాయియన్ నా ఇష్టమైన భాగం, ఎందుకంటే అక్కడ గొడవంతా ఒక చిన్న గీత చుట్టూ తిరుగుతుంది.

1893లో హవాయి రాణిని దింపేశారు, 1896లో బడుల్లో ఇంగ్లీషు మాధ్యమం తప్పనిసరి చేశారు. 1978లో హవాయి రాష్ట్ర రాజ్యాంగం హవాయియన్‌ని అధికార భాష చేసింది. 1984లో పూనన లియో పసిపిల్లల బడి మొదలయ్యేటప్పటికి బడుల నిషేధం ఇంకా చట్టంలోనే ఉంది, 1986లో పోయింది. 1994లో లియోకీ అనే బులెటిన్ బోర్డు హవాయియన్‌లో మొదలైంది. వెబ్ ఇంకా ఇళ్లలోకి రాని రోజులవి.

ఆ భాషలో 13 అక్షరాలు. అందులో ఒకటి ఓకినా, గొంతు బిగబట్టే శబ్దం, కామాలాగా పైన ఉంటుంది. ఇంకా అచ్చు మీద పొడుగు గీత, కహకో. ఇవి లేకపోతే ఏమవుతుందో మన లిపిలో తేలిగ్గా చూపించొచ్చు. పౌ అంటే అయిపోయింది. పఉ అంటే మసి. పఊ అంటే తడి. పాఊ అంటే లంగా. గుర్తులు తీసేస్తే నాలుగూ ఒకే స్పెల్లింగ్.

వెబ్‌లో తప్పులు ఇక్కడ జరుగుతాయి:
- ఓకినాకి సరైన కోడ్ 02బీబీ, అది అక్షరం. కీబోర్డు మీది అపాస్ట్రఫీ (0027) గానీ వర్డ్ వంకర తిప్పేది (2019) గానీ విరామచిహ్నం. అది పడితే డబుల్ క్లిక్ చేసినప్పుడు మాట సగంలో తెగుతుంది, వెతుకులాటలో రెండు ముక్కలవుతుంది.
- పొడుగు అచ్చుని ఒకే కోడ్‌గానూ రాయొచ్చు, అచ్చు పక్కన గీత పెట్టి రెండు కోడ్‌లుగానూ రాయొచ్చు. కంటికి ఒకటే, కంప్యూటర్‌కి వేరు. దాచేముందు ఎన్‌ఎఫ్‌సీకి (ఒకే కోడ్‌గా కలిపే రూపం) మార్చాలి.
- 1834 నుంచి 1948 దాకా వచ్చిన హవాయియన్ పత్రికలు లక్షకి పైగా పేజీలు. వాటిలో ఈ గుర్తులు దాదాపు ఉండవు. అందుకని వెతికే ఇండెక్స్‌లో గుర్తులు తీసేసిన రూపం ఒకటి, ఉన్న రూపం ఒకటి, రెండూ పెట్టాలి. ఒకటే పెడితే పాత పత్రికలైనా దొరకవు, కొత్త రాతలైనా కలగాపులగం అవుతాయి.

#16 అట్టచినిగింది

మన తెలుగు ఒక్క అక్షరంతో ఐఫోన్లు పడుకోబెట్టింది మర్చిపోయారా 😀

#17 గుణింతం

2018 ఫిబ్రవరి, ఐఓఎస్ 11.2.5. జ, పొల్లు, ఞ, తర్వాత కనబడని జడ్‌డబ్ల్యూఎన్‌జే, తర్వాత దీర్ఘం. మెసేజ్ వస్తే యాప్ కుప్పకూలేది. 11.2.6లో సరిచేశారు. అయితే అప్పుడు కొన్ని పేజీలు సలహా ఇచ్చినట్టు ‘తెలుగు అక్షరాలు బ్లాక్ చేయండి’ అన్నది మందు కాదు. బగ్ అక్షరంలో లేదు, దాన్ని గీసే కోడ్‌లో ఉంది.

#18 అరవైతొమ్మిదిఏ

మన దేశం సంగతి ఎవరూ ఎత్తలేదు. “ఇక్కడా గ్రేట్ ఫైర్‌వాల్ ఉంది” అనడం సరికాదు. చైనాలో అంతర్జాతీయ దారులు కొద్ది, అక్కడే యంత్రాలు పెట్టారు. ఇక్కడ ఐటీ చట్టం 69ఏ కింద ఉత్తర్వు వస్తే ప్రతి ప్రొవైడరూ తనకి తోచినట్టు ఆపుతాడు. ఒకడు డీఎన్‌ఎస్ మారుస్తాడు, ఒకడు ఎస్‌ఎన్‌ఐ చూస్తాడు. అందుకే ఒక సిమ్‌లో తెరుచుకున్న సైటు ఇంకో సిమ్‌లో తెరుచుకోదు. 2009 బ్లాకింగ్ రూల్స్‌లో 16వ రూలు గోప్యత. ఏ సైటు ఎందుకు ఆగిందో బయటికి రాదు.

మొత్తం నెట్ ఆపడం వేరే దారి. 2017 టెలికాం సస్పెన్షన్ రూల్స్, 2020 సవరణతో ఒక ఉత్తర్వుకి 15 రోజుల హద్దు, 2024లో కొత్త రూల్స్. 2020 జనవరి 10న అనురాధా భసీన్ కేసులో సుప్రీంకోర్టు ఉత్తర్వులు ప్రచురించి తీరాలంది.

ఆ తీర్పు తర్వాత కశ్మీర్‌లో ఇచ్చింది వైట్‌లిస్ట్. ముందు 153 సైట్లు, వారం తిరక్కుండా 301. మిగతావన్నీ మూత. 4జీ పూర్తిగా వచ్చింది 2021 ఫిబ్రవరిలో. ఈ థ్రెడ్‌కి సంబంధించిన సంగతి ఏమిటంటే, జాబితా రాసే గుమాస్తాకి గుర్తొచ్చేవి బ్యాంకులు, రైల్వే, పెద్ద పత్రికలు. చిన్న భాషలో ఎవరో ఇంటినుంచి నడిపే నిఘంటువు ఏ వైట్‌లిస్ట్‌లోనూ ఉండదు. ఉరుమ్‌చీలో మొదట తెరిచిన రెండు సైట్లు చూశాం కదా.

#19 ప్యాకెట్‌పట్టి

జాబితాలో ఉన్న సైటు కూడా సరిగ్గా తెరుచుకోదు. పేజీ ఒక డొమైన్‌లో, ఫాంట్ ఇంకోచోట, బొమ్మలు సీడీఎన్‌లో (ఫైళ్లు అందించే వేరే కంపెనీ సర్వర్లు) ఉంటాయి. జాబితాలో మొదటిదే ఉంటుంది. ఇంగ్లీషు సైటుకి ఫాంట్ రాకపోతే వేరే ఫాంట్‌లో కనిపిస్తుంది, అంతే. గుంజాల గోండికి రాకపోతే డబ్బాలు. కాబట్టి చిన్న భాషల సైట్లు నడిపేవాళ్లు ఫాంట్, స్క్రిప్టు అన్నీ సొంత డొమైన్‌లోనే పెట్టుకోండి.

#20 ఉట్నూరురోడ్డు

నెట్ బందైతే మిగిలేది ఎస్సెమ్మెస్. ఇంగ్లీషుకు 160 అక్షరాలు. తెలుగుకు 70. అక్షరం అంటే కోడ్, ‘క్షమించండి’ ఒక్కటే పది తింటది. గుంజాల గోండికి ప్రతిదీ రెండు లెక్క, అంటే 35. నాలుగు మాటలు కూడ పట్టయి.

#21 గుణింతం

చిన్న సవరణ. ఎస్సెమ్మెస్ ప్రమాణంలో తెలుగుకి ప్రత్యేక షిఫ్ట్ టేబుల్ (అక్షరాల పట్టిక) ఉంది, హిందీ, తమిళం లాంటివాటికి కూడా. అది వాడితే ఏడు బిట్లలోనే పంపొచ్చు, 70 దాటి 150 చిల్లర దాకా పడతాయి. కానీ పంపే ఫోను, అందుకునే ఫోను రెండూ దాన్ని అర్థం చేసుకోవాలి. ఆచరణలో 70 అనే అనుకోండి. గోండికి అసలు టేబులే లేదు, మీ 35 సరైనదే.

#22 గోదారిగట్టు

ఇంకొక్కటి అడుగుతాను. దియారిమ్ లాంటి సైటు మూతపడే ముందు కాపీ తీసిపెట్టాలంటే ఎలా? మామూలుగా ఒకరు ఒక ల్యాప్‌టాప్‌తో చేయగలిగింది.

#23 ప్యాకెట్‌పట్టి

సైట్లు దింపే వీగెట్ కమాండ్ చాలు. దానికి ఆప్షన్లుగా మిర్రర్, పేజ్-రిక్విజిట్స్, అడ్జస్ట్-ఎక్స్‌టెన్షన్ పెట్టండి. తప్పకుండా వార్క్-ఫైల్ (సర్వర్ ఇచ్చినదంతా యథాతథంగా దాచే ఫైలు) కూడా. అది లేకపోతే పేజీలు వస్తాయి గానీ సర్వర్ ఎప్పుడు ఏ హెడర్‌తో ఇచ్చిందో పోతుంది, రేపు ఇది అసలుదేనని చూపించలేరు. ప్రతి అభ్యర్థనకి ఒకటి రెండు సెకన్లు వెయిట్ ఇవ్వండి. చిన్న సర్వర్లు, మీ కాపీయే దాన్ని పడగొట్టకూడదు. లెక్క చూసుకోండి: 50,000 పేజీలకి రెండేసి సెకన్లంటే లక్ష సెకన్లు, ఇరవై ఎనిమిది గంటలు.

ఫోరం సైట్లలో రెండు గోతులుంటాయి. ఒకటి, లింకులో సెషన్ సంఖ్య ఉంటే ఒకే పేజీ వందసార్లు దిగుతుంది. రిజెక్ట్-రెజెక్స్‌తో (ఒక నమూనాకి సరిపోయే లింకులు వదిలేసే ఆప్షన్) దాన్ని, ‘జవాబివ్వండి’ ‘ప్రింట్’ లింకుల్ని, క్యాలెండర్‌ని కొట్టేయండి. క్యాలెండర్‌కి అంతు ఉండదు, 2300 సంవత్సరం దాకా పోతూనే ఉంటుంది. రెండు, కిందకి లాగితే వచ్చే జావాస్క్రిప్ట్ పేజీలు వీగెట్‌కి కనబడవు. వాటికి నిజం బ్రౌజర్‌తోనే కాపీ తీసే బ్రౌజర్‌ట్రిక్స్ వాడాలి. అయ్యాక ఎస్‌హెచ్‌ఏ-256 మొత్తం (ఫైలుకి వేలిముద్ర లాంటి సంఖ్య) తీసి వేరే చోట రాసుకోండి, మూడు కాపీలు మూడు చోట్ల.

#24 గుణింతం

ఫాంట్ మర్చిపోకండి! యూనికోడ్‌కి ముందు తెలుగు పత్రికల సైట్లన్నీ ఎవరి ఫాంట్ వాళ్లది. ఇంగ్లీషు కోడ్‌ల మీద తెలుగు బొమ్మలు అతికించినవి. పేజీతో పాటు ఈఓటీ ఫాంట్ ఫైలు దింపుకోకపోతే ఇప్పుడు తెరిస్తే అర్థంలేని గుర్తుల వరస. ఫాంట్ వేరే డొమైన్‌లో ఉంటే వీగెట్ దాన్ని వదిలేస్తుంది. స్పాన్-హోస్ట్స్ (వేరే డొమైన్లకీ వెళ్లనిచ్చే ఆప్షన్) పెట్టి, డొమైన్స్ జాబితాలో ఆ రెండిటినే ఇవ్వాలి. జాబితా ఇవ్వకపోతే ఇంటర్నెట్ అంతా దింపడం మొదలుపెడుతుంది. పాత తెలుగు పేజీలని యూనికోడ్‌లోకి మార్చడానికి పద్మ అనే ఫైర్‌ఫాక్స్ పొడిగింపు ఉండేది. ఏ ఫాంట్‌లో ఏ సంఖ్యకి ఏ అక్షరమో ఆ పట్టికలు దాని కోడ్‌లో ఉన్నాయి.

#25 ఉట్నూరురోడ్డు

స్పాన్-హోస్ట్స్ పెట్టినంక పేజ్-రిక్విజిట్స్ మళ్ల వేరుగ ఇయ్యాల్నా?

#26 ప్యాకెట్‌పట్టి

ఇవ్వాలి. మిర్రర్‌లో అది కలిసి ఉండదు. ముందు ఒక్క పేజీ మీద ప్రయత్నించి, నెట్ తీసేసి ఆ కాపీ తెరిచి చూడండి. అక్షరాలు కనబడితేనే మిగతాది మొదలుపెట్టండి.